పోరునే పూజించే లోకం: ఫాంటసీ కథకు యుద్ధ తత్వం కట్టే పద్ధతి

తిరుపతిలో ఫాంటసీ నవలలు, సీరియళ్ళు రాస్తున్న కుర్రాళ్ళూ అమ్మాయిలూ కలిసినప్పుడల్లా ఒకే ప్రశ్న అడుగుతున్నారు. "నా కథలో ఒక జాతి యుద్ధాన్నే దేవుడిగా కొలుస్తుంది. చదివినవాళ్ళు మాత్రం నమ్మడం లేదు, ఊరికే అరుస్తున్న విలన్లలా ఉన్నారంటున్నారు. ఏం చేయాలి?" చిత్తూరు, మదనపల్లె వైపు నుంచి ఉత్తరాలు రాసేవాళ్ళదీ ఇదే బాధ. అందుకే పని మొదలుపెట్టిన దగ్గర్నుంచి చివరి పరీక్ష దాకా వరసగా రాస్తున్నాను.

నా అభిప్రాయం ముందే చెబుతాను. యుద్ధం గొప్పదని ఊరికే నమ్మే జనం ఎక్కడా ఉండరు. యుద్ధం తమకు ఒకటి ఇస్తుందనీ, అది ఇంకో దారిలో దొరకదనీ నమ్మే జనం ఉంటారు. ఆ ఒక్కటి ఏమిటో తేల్చుకోకుండా జెండాలు, కత్తులు, నినాదాలు ఎన్ని పేర్చినా తత్వం నిలబడదు.

ఉదాహరణ కోసం నెగళ్ళసీమ అనే కల్పిత దేశాన్ని చివరిదాకా వాడతాను. అక్కడి తత్వం పేరు ఒరిపిడి. మీ లోకం వేరు కాబట్టి ఇందులో వివరాలు వదిలేసి పద్ధతి పట్టుకోండి.

## మొదలుపెట్టే ముందు

రాయడానికి కూర్చునే ముందు ఇవి దగ్గర పెట్టుకోండి.

- ఒక నోటుబుక్కు. మొదటి పేజీ ఖాళీగా వదలండి. అది రెండో మెట్టులో పనికొస్తుంది.
- మీ లోకం పటం. అందంగా ఉండక్కర్లేదు. కొండలు, నీళ్ళు, దారులు, ఊళ్ళ మధ్య నడక దూరం ఉంటే చాలు.
- ఒక ఊరి జనాభా అంచనా: మొత్తం ఎంతమంది, పోరుకు పనికొచ్చేవాళ్ళు ఎంతమంది.
- ఆ ఊళ్ళో నలుగురి పేర్లు: ఒక అవ్వ, ఒక పిల్ల, ఒక గురువు, మొదటిసారి పోరుకు వెళ్ళబోతున్న ఒక కుర్రాడు.

వీటితో పాటు మన దగ్గరే చూసి నేర్చుకోవాల్సినవి ఉన్నాయి. పుంగనూరు వైపు పల్లెల్లో పాత వీరగల్లులు, అంటే పోరులో చనిపోయినవాళ్ళ గుర్తుగా నిలిపిన రాళ్ళు, ఉంటాయి. దక్షిణాది వీరగల్లుల్లో చాలావాటిలో కింది గడిలో పోరు, పై గడిలో చనిపోయినవాణ్ణి స్వర్గానికి తీసుకెళ్తున్న అప్సరసలు కనిపిస్తారు. శాసనం ఉంటే చదివించుకోండి. చాలా చోట్ల ఆ వీరుడు చనిపోయింది రాజ్యం కోసం కాదు, ఊరి పశువుల మంద కోసం.

వేసవిలో మన పల్లెల్లో ద్రౌపదమ్మ, ధర్మరాజుల గుళ్ళ దగ్గర భారతం జరుగుతుంది. పగలు హరికథ, రాత్రి వీధి నాటకం. చివరి రోజు నేలమీద మట్టితో చేసిన పెద్ద దుర్యోధనుడి బొమ్మ, దాని చుట్టూ, దాని మీదా భీముడు, దుర్యోధనుడు వేషగాళ్ళ గదాయుద్ధం, తర్వాత అగ్నిగుండం. అది చూస్తున్నప్పుడు వేషగాళ్ళను వదిలేసి జనాన్ని చూడండి. ఎవరు ఏడుస్తున్నారు, ఎవరు కేకలేస్తున్నారు, ఎవరు పిల్లల్ని ఎత్తి చూపిస్తున్నారు అన్నది నోటుబుక్కులో రాసుకోండి. పోరును ఒక ఊరు ఊరంతా కలిసి ఎలా అనుభవిస్తుందో అంత దగ్గరగా ఇంకెక్కడా దొరకదు.

## 1. పోరు ఏమిస్తుందో తేల్చండి

ఈ వాక్యం పూర్తి చేయండి: "మా లోకంలో కొట్లాడకపోతే ______ దొరకదు."

ఖాళీలో గౌరవం అని రాస్తే చాలదు. గౌరవం ఎందుకు కావాలి అన్న ప్రశ్న మళ్ళీ లేస్తుంది. చేత్తో పట్టుకోగలిగింది, కడుపుకు తగిలేది రాయండి. నీళ్ళు, ఉప్పు, పశువులు, పెళ్ళి సంబంధం, చనిపోయినవాళ్ళ పేరు పెట్టుకునే హక్కు. గౌరవం దాని వెనకాలే వస్తుంది.

నెగళ్ళసీమలో ఆ లోటు నిప్పు. చెట్లు తక్కువ, చలికాలం 7 నెలలు. ప్రతి ఊరి నడుమా ఒకే నెగడు, అందులోంచే ఇంటింటి పొయ్యి వెలగాలి. ఒకే ఊళ్ళో ఏడాది దాటిన నిప్పు పాచిపోతుంది. మంట కనిపిస్తుంది గానీ వేడి ఉండదు. సంగటి ఉడకదు. పసిపిల్లల పాదాలు వెచ్చబడవు. అందుకని ఏటా చలి దిగేముందు పక్క ఊరి నిప్పును కొట్టి తెచ్చుకుంటారు. కొట్టి తెచ్చిన నిప్పుకు వేడి ఉంటుంది. రాపాడనిది వేడెక్కదు అన్న ఒరిపిడి తత్వం మొత్తం ఇక్కడ పుట్టింది.

ఇప్పుడు పటం తీయండి. పోరు ఎక్కడ జరుగుతుందో మీ ఇష్టం కాదు, నేల చెబుతుంది. 1740లో మరాఠా సైన్యం చేతిలో ఆర్కాటు నవాబు దోస్త్ అలీ ఖాన్ చనిపోయింది మన పాకాల దగ్గరి దామలచెరువు కనుమలో. పై సీమ నుంచి కింది మైదానానికి సైన్యం దిగాలంటే కొండల నడుమ దారి కావాలి, ఆ దారిని ఆపాలనుకునేవాడు అక్కడే నిలబడాలి. మీ లోకంలోనూ కనుమ, రేవు, బావి గట్టు లాంటి చోట్లు గుర్తించండి. తరతరాలుగా ఒకే చోట పోరు జరిగితే ఆ చోటికి పేరు, గుడి, దెయ్యం కథ వాటంతట అవే వస్తాయి.

సరిచూసుకోండి:

- లోటు ఒక్కటే ఉందా? మూడు నాలుగు ఉంటే తత్వం చెదిరిపోతుంది.
- ఆ లోటు పసిబిడ్డకూ తగులుతుందా?
- కొట్లాడకపోతే ఎన్నాళ్ళలో ఆ దెబ్బ తెలుస్తుంది? ఏడాది లోపు తెలిస్తే కథకు మంచిది.

## 2. నిజమా, నమ్మకమా, సగం నిజమా

ఎక్కువమంది దాటేసే మెట్టు ఇదే. నన్నడిగితే అన్నిటికన్నా ముఖ్యమైనదీ ఇదే. మీ లోకపు తత్వం చెప్పేది ఆ లోకంలో నిజంగా నిజమేనా?

పూర్తిగా నిజమైతే పోరు తప్పు అనడానికి ఎవరికీ నోరుండదు. వానలాగా అదీ ప్రకృతి ధర్మం అయిపోతుంది. దుఃఖం ఉంటుంది, చర్చ ఉండదు. పూర్తిగా అబద్ధమైతే నమ్మేవాళ్ళంతా వెర్రివాళ్ళలా కనిపిస్తారు. వేల మంది వందల ఏళ్ళు వెర్రివాళ్ళుగా ఎలా బతికారని పాఠకుడు అడుగుతాడు.

సగం నిజం పెట్టండి. తత్వం ఒక నిజాన్ని గమనించింది, దానికి కారణం మాత్రం తప్పుగా చెప్పింది. నెగళ్ళసీమలో నిప్పు పాచిపోవడం నిజమే. ఊరు మారితే వేడి రావడమూ నిజమే. కానీ కొట్టి తేవాల్సిన పని లేదు, చేయి మారితే చాలు. పక్క ఊరివాళ్ళు పిలిచి ఇచ్చినా ఆ నిప్పు అంతే వేడినిస్తుంది. అది దాదాపు ఎవరికీ తెలియదు, ఎందుకంటే నిప్పు అడగడం, ఇవ్వడం రెండూ ఒరిపిడిలో మహాపాపాలు. తప్పును బయటపెట్టే పని ఏదో దాన్నే తత్వం నిషేధించింది. సగం నిజాలు తరాలు తరాలు బతికేది ఈ నిషేధం వల్లే.

నోటుబుక్కు మొదటి పేజీలో ఆ నిజాన్ని ఒక్క వాక్యంలో రాయండి. కథ మూడింట రెండు వంతులు గడిచేదాకా ఏ పాత్రా దాన్ని పూర్తిగా అనకూడదు.

కానీ ఆనవాళ్ళు ముందే వేయాలి. ఉదాహరణకు, ఊరి చివర ఒక ముసలామె ఇంట్లో ఏ కాలంలో వెళ్ళినా పొయ్యి వెచ్చగా ఉంటుంది. ఆమె కూతుర్ని పక్క ఊరికి ఇచ్చారు. కూతురు వచ్చినప్పుడల్లా తట్టలో పిడకల కింద ఏదో దాచి తెస్తుంది. ఇంతకు మించి చెప్పొద్దు. తెలివైన పాఠకుడు పట్టుకుంటాడు, పట్టుకున్నాక కథను ఇంకా గట్టిగా చదువుతాడు.

## 3. సిద్ధాంతాన్ని నలుగురి నోట పలికించండి

తత్వాన్ని పేజీలకు పేజీలు వివరించకండి. ముందు సిద్ధం చేసుకున్న నలుగురినీ పిలవండి.

అవ్వ నోట సామెత: "ఒరవని కత్తికి తుప్పే మొగుడు."

పిల్ల నోట ఆట పాట:

రాయీ రాయీ రాసుకో
రవ్వా రవ్వా రాలిపో
పక్కూరి నిప్పు మాకు రా
మా ఊరి పాచి నీకు పో

గురువు నోట వాదం: "గింజ నేలను చీల్చుకుని వస్తుంది. బిడ్డ తల్లిని బాధపెట్టి వస్తుంది. ఎవరూ ఎవరినీ తాకకుండా ఉండటాన్ని మీరు శాంతి అంటారు. తాకనిది వేడెక్కదు. వేడెక్కనిది బతకదు."

పోరుకు వెళ్ళే కుర్రాడి మొక్కు: "నా వేడి ఊరికి, నా బూడిద హద్దుకు."

వీటిలో గురువు వాదం మీద ఎక్కువ కష్టపడండి. రచయితగా మీకు ఆ వాదం నచ్చకపోవచ్చు, అయినా దాన్ని వీలైనంత బలంగా రాయాలి. రాశాక మీరే ఎదురు వాదించి చూడండి. వెంటనే జవాబు తట్టిందంటే వాదం ఇంకా బలహీనంగా ఉన్నట్టే.

బలమైన వాదం ఎలా ఉంటుందో తెలియాలంటే పాత ఆలోచనాపరుల్ని చూడండి. క్రీస్తుపూర్వం 500 ప్రాంతంలో గ్రీకు సీమకు చెందిన హెరాక్లిటస్ యుద్ధమే అన్నిటికీ తండ్రి అన్నాడు. ఆయన దాన్ని వింటినారి, తంత్రీ వాద్యం లాంటి వస్తువుల్లో గమనించాడు. రెండు వైపులా లాగే బిగువు లేకపోతే బాణం పోదు, పాట రాదు. దానికి పూర్తి భిన్నంగా 1909లో ఇటలీలో ఫ్యూచరిస్టులనే రచయితలు, కళాకారుల బృందం లోకాన్ని శుభ్రం చేసే మందు యుద్ధమేనని ప్రకటించింది. మొదటిది ఒక వస్తువును చూసి పుట్టిన మాట, రెండోది ఆవేశంలో పుట్టిన మాట. గురువుకు మొదటి రకం ఇవ్వండి. రెండో రకం ఇంకా పోరు చూడని కుర్రాడి నోటికి బాగా సరిపోతుంది.

## 4. చావుల లెక్క వేయండి

ఇది కాగితం, పెన్ను పట్టుకుని చేయాల్సిన పని. దాటేయకండి.

ఊరి జనాభా 400 అనుకోండి. పాతకాలపు సమాజాల్లో వెయ్యి మందికి ఏటా 40 కాన్పుల దాకా ఉండేవి, పుట్టినవాళ్ళలో దాదాపు సగం మంది పెద్దవాళ్ళు కాకుండానే పోయేవాళ్ళు. ఆ లెక్కన మీ ఊళ్ళో ఏటా 16 మంది పుడతారు, 8 మంది ఎదుగుతారు, అందులో మగవాళ్ళు 4. మీ లోకంలో పోరుకు మగవాళ్ళే వెళ్తారనుకుంటే, 18 నుంచి 45 ఏళ్ళ మధ్యవాళ్ళు 80 మంది ఉంటారనుకుందాం. వయసు మీరి ఏటా ముగ్గురు తప్పుకుంటారు. 4 వస్తారు, 3 పోతారు. అంటే పోరులో ఏటా ఒక్కడు చనిపోతే ఊరు నిలుస్తుంది. పది మంది చనిపోతే 9 ఏళ్ళలో పోరుకు వెళ్ళడానికి మనిషి మిగలడు.

ప్రతి అధ్యాయంలో వందల తలలు తెగే కథలు ఎందుకు అబద్ధంలా అనిపిస్తాయో ఇప్పుడు అర్థమై ఉంటుంది. పోరును నిజంగా ఆరాధించే సమాజం చావును చాలా పొదుపుగా వాడుకుంటుంది. కాబట్టి హద్దులు రాయండి. నెగళ్ళసీమలో హద్దులు ఇవి:

- నిప్పుచట్టి చేతిలో ఉన్నవాణ్ణి ఎవరూ కొట్టకూడదు. వాడు పడితే నిప్పు నేలపాలవుతుంది, అప్పుడు రెండు ఊళ్ళకూ లేకుండా పోతుంది.
- చీకటి పడ్డాక పోరు లేదు.
- చట్టి ఊరి పొలిమేర దాటితే పోరు ముగిసినట్టే. వెంబడించకూడదు.
- ఇనుము వాడకూడదు. కర్ర, తాడు, వల మాత్రమే.

మన భారతంలోనూ పొద్దు గుంకితే యుద్ధం ఆగాలన్న నియమం ఉంది. చివరికి అశ్వత్థామ రాత్రి పూట శిబిరంలో జొరబడి నిద్రపోతున్నవాళ్ళను చంపాడు. 18 రోజుల చావులు ఒక ఎత్తు, ఆ ఒక్క రాత్రి ఒక ఎత్తు అని మన ఊళ్ళో హరికథ వినేవాళ్ళందరికీ తెలుసు. మీ కథలో అతి పెద్ద ఘట్టం కూడా యుద్ధం కాకూడదు, హద్దు మీరిన ఘట్టమై ఉండాలి. హద్దులు ముందుగా పాఠకుడికి ఒంటబట్టి ఉంటేనే అది తగులుతుంది.

చంద్రగిరి దగ్గర రంగంపేటలో కనుమ నాడు పశువుల పండుగకు వెళ్ళినవాళ్ళు ఇంకో సంగతి గమనించి ఉంటారు. కొమ్ములకు కట్టిన పలక కోసం జనం ఎగబడతారు, పలక చేతికొస్తే ఆ పశువును వదిలేస్తారు. గెలుపు దేంతో తేలుతుందో అందరికీ ముందే తెలుసు. మీ పోరుకు కూడా అలాంటి ముగింపు గుర్తు ఒకటి ఉండాలి.

## 5. తత్వాన్ని వంటింట్లోకి, పంచాయితీలోకి తీసుకురండి

నమ్మకం యుద్ధభూమిలో కన్నా ఇంట్లో ఎక్కువ కనిపిస్తుంది. అయిదు చోట్లు వెతకండి: పలకరింపు, పెళ్ళి, ఆస్తి, తిట్టు, తిండి.

పలకరింపు. నెగళ్ళసీమలో ఇద్దరు ఎదురుపడితే ఒకరు "నిప్పుందా?" అంటారు. రెండోవారు "ఉంది, నీకివ్వను" అనాలి. అదే మర్యాద. "తీసుకో" అన్నారంటే నిన్ను పోరాడే మనిషిగా లెక్కపెట్టలేదని అర్థం. అంతకు మించిన అవమానం లేదు. ఈ ఒక్క పలకరింపు మొదటి పేజీలో పడితే తత్వం గురించి రెండు పేజీల వివరణ రాసే పని తప్పుతుంది.

ఆస్తి. తండ్రి చనిపోయాక పంపకాలు. పెద్దమనిషి చాప మీద కూర్చుని చెబుతాడు: "పెద్దోడికి మడి. చిన్నోడికి బావి. నడిపోడికి కొండకింద ఊరితో పగ." నడిపోడి ముఖం వెలిగిపోతుంది. పగ ఉన్నవాడికే పోరులో ముందు వరస. ముందు వరసలో నిలిచినవాడి ఇంటికే నెగడులోంచి మొదటి కొరివి. చిన్నోడి భార్య మాత్రం బావి వచ్చిందని లోలోపల సంతోషిస్తుంది. ఆ సంతోషం బయటికి కనిపించకుండా కొంగు నోటికి అడ్డం పెట్టుకుంటుంది. తత్వం ఒప్పుకోని ఆనందాలు ఎక్కడ దాక్కుంటాయో ఇలాంటి చిన్న కదలికల్లో చూపించండి.

పెళ్ళి. ఒకప్పుడు నిజంగా జరిగిన కొట్లాట ఇప్పుడు ఆటగా మారి ఉండొచ్చు. ఆడపెళ్ళివారు నిప్పుచట్టి దాస్తారు, మగపెళ్ళివారు వెతికి లాక్కోవాలి. ముసలివాళ్ళు "మా కాలంలో చేతులు విరిగేవి" అని చెప్పుకుంటారు. తత్వానికి వయసుందని ఆ ఒక్క మాటతో తెలుస్తుంది.

తిట్టు. "నీ పొయ్యి పాచిపోను." ఒకటి రెండు చాలు, అవే మళ్ళీ మళ్ళీ రావాలి.

తిండిలో పోరుకు ముందు రోజు ఏం తింటారు, తర్వాత రోజు ఏం తినకూడదు అన్నవి రెండూ రాసుకుంటే సరిపోతుంది.

## 6. పోరుకు వెళ్ళనివాళ్ళకు చోటు చూపించండి

ఊళ్ళో 400 మంది ఉంటే 320 మంది పోరుకు వెళ్ళరు. వాళ్ళకు ఈ తత్వంలో ఏముంది? దీనికి జవాబు లేని తత్వం సైన్యానికి నియమావళి అవుతుందే గానీ సమాజం కాలేదు.

మెక్సికోలో అజ్టెక్కులు కాన్పులో చనిపోయిన స్త్రీలను పోరులో చనిపోయిన వీరులతో సమానంగా చూశారు. వీరుల ఆత్మలు పొద్దున సూర్యుడి వెంట నడిస్తే, మధ్యాహ్నం నుంచి అస్తమయం దాకా ఆ స్త్రీల ఆత్మలు నడుస్తాయని నమ్మారు. పోరును కీర్తించే సమాజం తన కీర్తిని ఇంట్లోవాళ్ళకు ఎలా పంచుతుందో చెప్పడానికి ఇది మంచి నమూనా.

మన తిరుపతి గంగమ్మ జాతరను ఈ కోణంలో చూడండి. ఆడవాళ్ళను వేధించిన పాలెగాణ్ణి అమ్మవారు వేషాలు మార్చుకుంటూ వెతుకుతుంది. దొర వేషంలో వాణ్ణి సంహరిస్తుంది. ఆ తర్వాత వచ్చే మాతంగి వేషంలో, ఆ పాలెగాడి భార్య దగ్గరికి వెళ్ళి ఆమెను ఓదారుస్తుంది. చంపిన అమ్మవారే వెళ్ళి ఓదార్చడం నాకు ఎప్పుడు తలచుకున్నా ఒళ్ళు జలదరించే ఘట్టం. జాతర నడిచే ఆ వారంలో వీధుల్లో వేషాలు వేసుకుని తిరిగే మగవాళ్ళను, పసుపు, కుంకుమలతో ఎదురొచ్చే ఆడవాళ్ళను చూస్తే, గెలుపు దగ్గర ఆ కథ ఎందుకు ఆగిపోలేదో కొంత అర్థమవుతుంది.

మీ తత్వంలో ఓడినవాడి భార్య దగ్గరికి ఎవరు వెళ్తారు? ఆమెతో ఏమంటారు? ఎవరూ వెళ్ళకూడదన్నది నియమమైతే, ఆ నియమాన్ని దాటి వెళ్ళే మనిషి ఎవరు? ఈ మూడు ప్రశ్నలకు జవాబు రాసుకోండి. కథకు కావలసిన పాత్ర చాలాసార్లు ఇక్కడే దొరుకుతుంది.

మిగతావాళ్ళ కోసం ఒక జాబితా:

- పోరులో కాలు పోయినవాడు తర్వాత ఏం పని చేస్తాడు?
- భయపడి వెనక్కొచ్చిన కుర్రాడికి పిల్లనిస్తారా?
- బయటి నుంచి వచ్చే వర్తకుడికి పోరు నియమాలు వర్తిస్తాయా?
- పోరు వయసు దాటినవాళ్ళు తమ విలువను ఎలా నిలబెట్టుకుంటారు?

## 7. లెక్క ఎవరి చేతిలో ఉంది?

పోరు పవిత్రమైతే ఏది పోరు, ఎవరు గెలిచారు అని తేల్చేవాళ్ళు కావాలి. అధికారం వాళ్ళ చేతిలో ఉంటుంది.

మన చిత్తూరు సీమ పాళెగాళ్ళ సంగతి చూడండి. ఊళ్ళకు కావలి కాస్తామని రుసుము వసూలు చేసేవాళ్ళు. భయం ఉన్నన్నాళ్ళే కావలికి విలువ, కావలికి విలువ ఉన్నన్నాళ్ళే రుసుము. భయం పూర్తిగా పోతే వాళ్ళకు ఆదాయం ఉండదు.

నెగళ్ళసీమలో పోరు మీద తీర్పు చెప్పేవాళ్ళు ఒరగల్లువాళ్ళు. వాళ్ళకు సొంత ఊరు లేదు, ప్రతి ఊరి నెగడు దగ్గరా కూర్చునే హక్కు ఉంది. నిప్పు చేయి మారితే చాలన్న నిజం వాళ్ళలో ఇద్దరు ముగ్గురికి తెలుసు. చెబితే తమ పని పోతుంది. అయితే వాళ్ళను దుర్మార్గులుగా రాయొద్దు. "పోరు ఆగితే జనం ఒకరినొకరు మరిచిపోతారు, అడిగితే ఇస్తారన్న నమ్మకం నాకు లేదు" అని నిజాయితీగా భయపడే ఒరగల్లు ముసలాయన, డబ్బు కోసం దాచేవాడి కన్నా వంద రెట్లు బలమైన పాత్ర.

## 8. లోపలి గొడవలు

ఏ తత్వమూ ఒక్క గొంతుతో మాట్లాడదు. కనీసం రెండు పాయలు పెట్టండి. నెగళ్ళసీమలో ఒక పాయ ఇనుము వాడితేనే నిజమైన ఒరిపిడి అంటుంది. ఇంకోటి అసలు పోరు మనసు లోపలిదే, బయటిది దానికి నీడ అంటుంది. ఇద్దరూ అదే పిల్లల పాటను తమకు అనుకూలంగా చెప్పుకుంటారు. రెండు పేజీల్లో దీన్ని చూపించి వదిలేయండి. ఇంతకన్నా లోతుకు వెళ్తే కథ ఆగిపోతుంది.

## 9. మాటల్లోకి దింపడం

ముందు, రాయకూడని తీరు:

"యుద్ధమే మా ప్రాణం! రక్తమే మా దాహం! శాంతి పిరికివాళ్ళ మాట!"

ఇది చదివినవాడికి ఆ ఊరు తెలియదు, మనిషి తెలియదు, భయం తెలియదు. ఇప్పుడు ఇది చూడండి. తెల్లవారుజాము, తల్లీ కొడుకూ:

"యాడికిరా?"

"నిప్పుకు."

"తమ్ముడు?"

"వాడూ వస్తానంటాండాడు."

"అయితే చట్టి వాడి చేతికియ్యి. నువ్వు ముందర నడువు."

చట్టి పట్టుకున్నవాణ్ణి కొట్టకూడదన్న హద్దు పాఠకుడికి ముందే తెలుసు. కాబట్టి ఆ తల్లి చిన్నవాణ్ణి కాపాడుకోవడానికి పెద్దవాణ్ణి దెబ్బకు ఎదురు పంపుతోందని అర్థమైపోతుంది. ఆమె తత్వాన్ని ధిక్కరించలేదు, ఏడవలేదు, జాగ్రత్త అని కూడా అనలేదు. పెద్దవాడికీ అర్థమైంది. వాడు చెప్పులు వెతుక్కుంటూ తల ఊపితే చాలు. ఇంకేమీ రాయకండి.

యాసను ఇలా ఇంటి మాటల్లో వాడండి. గురువు, ఒరగల్లువాళ్ళు కొంచెం పుస్తకాల భాష మాట్లాడొచ్చు. అందరూ గ్రాంథికంలో మాట్లాడితే పౌరాణిక నాటకం అయిపోతుంది. అందరూ యాసలో మాట్లాడితే తత్వానికి ఉన్న పెద్దరికం కనిపించదు.

## 10. తరచూ జరిగే తప్పులు, సరిదిద్దే తీరు

తప్పు: ఆ జాతిలో అందరూ ఒకేలా నమ్ముతారు.
సరిదిద్దడం: ఒకే ఇంట్లో ముగ్గురికి మూడు స్థాయిల నమ్మకం ఇవ్వండి. ఒకరికి పూర్తి నమ్మకం, ఒకరికి అలవాటు, ఒకరికి భయం.

తప్పు: బయటి నుంచి వచ్చిన హీరో ఒక్క ఉపన్యాసంతో వాళ్ళ కళ్ళు తెరిపిస్తాడు.
సరిదిద్దడం: మార్పు లోపలి మనిషి చేతుల మీదుగా రావాలి. ఉపన్యాసం తీసేసి ఒక పని పెట్టండి. ఆ ముసలామె కూతురు పిడకల కింద తెచ్చే నిప్పు లాంటిది.

తప్పు: పోరు వర్ణన మరీ రుచిగా ఉండి, పాఠకుడికి కూడా కత్తి పట్టాలనిపిస్తుంది.
సరిదిద్దడం: పోరు ఎంత సేపు రాశారో, మర్నాటి ఉదయం కూడా అంత సేపు రాయండి. కట్లు కట్టడం, విరిగిన కర్రలు ఏరడం, రాని మనిషి వాకిట్లో ముగ్గు పెట్టాలా వద్దా అని ఆగిపోయిన చేయి.

తప్పు: తత్వం వల్ల మంచి ఏమీ కనిపించదు.
సరిదిద్దడం: నిజంగా మంచి చేసినవి రెండు చూపించండి. ఒరిపిడి వల్ల నెగళ్ళసీమలో ఎవరూ చాటుమాటున మోసం చేయరు, ఎదుటపడి చెబుతారు. అనాథ పిల్లలను గెలిచిన ఊరు పెంచుతుంది. ఇవి పోతాయన్న బాధ లేకపోతే మార్పుకు బరువుండదు.

తప్పు: పదాలు, పేర్లు గుట్టలుగా పోయడం.
సరిదిద్దడం: కొత్త మాటలు అయిదారు మించనివ్వకండి. మిగతాదంతా తెలిసిన తెలుగే.

## 11. ఒక హెచ్చరిక

మీ కల్పిత జాతికి మన చుట్టూ ఉన్న ఏ కులం, మతం, ఊరు ఆనవాళ్ళూ పెట్టకండి. వేషం, ఇంటిపేరు, తిండి, యాస అన్నీ కలిపి ఒక్క నిజమైన గుంపు వైపు వేలు చూపిస్తే అది ఫాంటసీగా మిగలదు, నింద అవుతుంది.

రాయలసీమలో పుట్టిన మనకు ఇది ఇంకా ముఖ్యం. ఫ్యాక్షన్ వల్ల ఇళ్ళు ఖాళీ అయిన కుటుంబాలు ఉన్నాయి, వాళ్ళ పిల్లలు ఇవాళ మీ కథలు చదువుతున్నారు. తొడగొట్టడం, సుమోలు లేవడం లాంటి అరువు సరుకు తెచ్చుకుని దానికి కిరీటం తొడిగితే వాళ్ళ దుఃఖాన్ని వాడుకున్నట్టే. నిజమైన బాధ ఆధారంగా రాయాలనిపిస్తే ఫాంటసీ ముసుగు తీసేసి నేరుగా ఆ కథే రాయండి.

## 12. చదివించి చూడటం

మొదటి మూడు అధ్యాయాలు పూర్తయ్యాక ఇద్దరికి ఇవ్వండి. ఒకరు ఫాంటసీ బాగా చదివేవారు, ఇంకొకరు అసలు చదవనివారు. మీ అమ్మగారో పక్కింటి అత్తయ్యో అయితే ఇంకా మంచిది. బాగుందా అని అడగకండి. ఇవి అడగండి:

- వీళ్ళు ఎందుకు కొట్లాడుతున్నారు? (నిప్పు కోసం అని ఒక్క మాటలో రావాలి.)
- కొట్లాటలో చేయకూడనిది ఏమిటి? (కనీసం ఒక హద్దు గుర్తుండాలి.)
- నువ్వే అక్కడ పుట్టుంటే వెళ్ళేవాడివా? వెళ్ళేదానివా?
- ఎవరి మీద జాలేసింది?

మొదటి ప్రశ్నకు జవాబు తడబడితే 1వ మెట్టుకు వెళ్ళండి. రెండోదానికి తడబడితే 4వ మెట్టుకు. మూడోదానికి "అస్సలు వెళ్ళను" అని టక్కున అన్నారంటే గురువు వాదం బలహీనంగా ఉంది, "తప్పకుండా వెళ్తా" అని ఉత్సాహంగా అన్నారంటే మర్నాటి ఉదయం బలహీనంగా ఉంది. కాసేపు ఆలోచించి "ఏమో, వెళ్ళాల్సి వచ్చేదేమో" అన్నారంటే నాలుగో అధ్యాయం మొదలుపెట్టవచ్చు.